తీర్పు ఎవ్వరిది?

నహ్రవాన్ కాలువ ప్రాంతమున ఒక ఖర్జూరపు తోట. దాని ప్రక్కగా కొందఱు సాయుధులు నడచిపోవుచుండిరి. రాత్రులు ప్రార్థనలలో గడపి గడపి వారి నొసళ్లు కాయలు కాచియుండెను. చెట్టునుండి రాలిపడిన పండు నొకదానిని వారిలో నొకడు తీసి నోట వైచుకొనెను. వెల యీయకయే తినుచున్నావా యని ప్రక్కవాడు గద్దింపగా, అతడు వెంటనే దానిని ఉమ్మివేసెను. మఱియొకడు దారిలో తిరుగుచున్న పందిని కత్తితో నఱకెను. అది ముస్లిము కాని ఒక రైతుది. తోడివారు అది అన్యాయమని నొచ్చుకొని, యజమానునకు పరిహార మిచ్చి సమాధానపఱచిరి.

ఇదంతయు కన్నులార చూచినవాడు అబ్దుల్లా. ప్రవక్త సహచరులలో నొకడైన ఖబ్బాబునకు ఇతడు కుమారుడు. ఇంతటి ధర్మభీరువులవలన తనకు భయమేమియు లేదని అతడు తలంచెను. కాని వారు అతనిని అడిగిన ప్రశ్న వేఱు. అలీని గూర్చి నీ యభిప్రాయమేమి? అబ్దుల్లా అలీని మెచ్చుకొనెను. వారు అతనిని ఏటియొడ్డునకు తీసికొనిపోయి గొంతు కోసిరి. అతని వెంటనున్న గర్భవతియైన స్త్రీని కూడ విడువలేదు. ఇది జరిగినది 658వ సంవత్సరమున. ఇస్లాము పుట్టి ఇంకను ఏబదియేండ్లు నిండలేదు.

తబరీ మున్నగు అరబ్బు చరిత్రకారులు ఈ వృత్తాంతమును చెప్పిరి. వారు ఆ సాయుధులకు మిత్రులు కారు. విరోధులు వ్రాసిన చరిత్రను చదువునపుడు కొంత తగ్గించుకొని చదువుట న్యాయమే. అయినను పండును ఉమ్మివేసిన సంగతి విరోధి కల్పించునది కాదు. పండు విషయమున అంత సున్నితులైనవారు ప్రాణము విషయమున అంత కఠినులు ఎట్లయిరి?

వీరినే చరిత్ర ఖారిజీలని పిలుచుచున్నది. అరబ్బీ భాషలో ‘ఖరజ’ యనగా వెలుపలికి వెడలుట. ఆ ధాతువు మనకు కొత్తది కాదు; తెలంగాణ భూమి లెక్కలలోని ‘ఖారిజు ఖాతా’ యను మాటలో నున్నది అదియే. అయితే అది ఇతరులు పెట్టిన పేరు. వారు తమను తాము ‘షురాత్’ అని చెప్పుకొనిరి. దేవునికి తమ ప్రాణములను అమ్ముకొన్నవారని దాని యర్థము.

ప్రవక్త ముహమ్మదు 632లో నిర్యాణము చెందెను. తరువాతి ఖలీఫాలలో ఉమర్ 644లో ఒక బానిసచేతను, ఉస్మాన్ 656లో తిరుగుబాటుదారులచేతను హతులైరి. ఉస్మాన్ తన యింటనే చంపబడెను. దానికి వెనుక దీర్ఘమైన అసంతృప్తి కలదు. జయించిన దేశముల ధనము వెల్లువగా వచ్చుచుండగా పెద్ద పదవులు ఖలీఫా బంధువులకే పోవుచున్నవని కూఫా, బస్రా, ఈజిప్టు దండులలోని సామాన్య సైనికులు గొణగుచుండిరి. పిమ్మట అలీ ఖలీఫా అయ్యెను. ఉస్మానునకు జ్ఞాతియు, సిరియాకు పాలకుడును అయిన ముఆవియా, హంతకులను శిక్షించువఱకు అలీని అంగీకరింప ననెను. 657 జులైలో యూఫ్రటీసు తీరమున సిఫ్ఫీను వద్ద రెండు సేనలును తలపడినవి.

అలీ పక్షము మొగ్గు చూపుచున్న సమయమున సిరియనులు ఖురాను ప్రతులను బల్లెముల మొనలకు కట్టి పైకెత్తిరి. మన నడుమ ఈ గ్రంథమే తీర్పు చెప్పునుగాక యని దాని భావము. అలీ సైనికులు పెక్కురు కత్తులు దించి, పోరాపుమని అతనిని నిర్బంధించిరి. అట్లు నిర్బంధించినవారిలో రేపటి ఖారిజీలును ఉండిరని చరిత్రకారులు చెప్పుదురు. చరిత్రలో ఇట్టి వింతలు తఱచు. ఒక్కొక్క పక్షమునకు ఒక్కొక్క మధ్యవర్తిని నియమించుటకు ఒప్పందము కుదిరెను. ముఆవియా తరపున అమ్ర్, అలీ తరపున అబూ మూసా. ఆ పత్రమును సేనలో చదివి వినిపించుచుండగా తమీము తెగవారినుండి ఒక కేక లేచెను: తీర్పు దేవునిదే! దేవుని విషయమున మనుష్యులు తీర్పరులగుట యేమి? తిరుగుబాటుదారులతో పోరాడుమని గ్రంథము స్పష్టముగా చెప్పియుండ, మధ్యవర్తుల ప్రసక్తి యెక్కడిది?

ఈ వాదము తేలికగా త్రోసివేయదగినది కాదు. అలీ దగ్గఱి బంధువగు ఇబ్న్ అబ్బాస్ వారితో వాదించుచు, ఆలుమగల తగవునందు సయితము ఇరువైపుల మధ్యవర్తులను నియమింపుమని ఖురాను చెప్పుచున్నదని గుర్తుచేసెను. కొందఱు సమ్మతించిరి. వారి నినాదమును విని అలీ, మాట సత్యమే కాని దానిచే సాధింపదలచినది అసత్యము, పాలకుడు లేక జనులకు గడవదు అను భావమున పలికెనని ప్రసిద్ధి. అతడు వారిపై వెంటనే చేయి చేసికొనలేదు. మసీదులలో ప్రార్థనకు అడ్డుచెప్పను, భరణములు ఆపను, మీరు ముందు కత్తి దూయువఱకు నేను దూయను అని వారికి మాట యిచ్చెను. అసమ్మతి వేఱు, హింస వేఱు అని పాలకుడు గీత గీచుట ఆ కాలమునకు చిన్న విషయము కాదు.

అబ్దుల్లా హత్యతో ఆ గీత దాటిపోయినది. హంతకులను అప్పగింపుమని అలీ కబురంపగా, మేమందఱమును చంపితిమి అని వారు ప్రత్యుత్తర మిచ్చిరి. 658లో నహ్రవాన్ వద్ద జరిగిన యుద్ధమునకు ముందు అలీ అభయధ్వజము నెత్తింపగా చాలమంది వెడలిపోయిరి. మిగిలినవారు దాదాపు అందఱును నేలకొఱిగిరి. వారి నాయకుడు అబ్దుల్లా ఇబ్న్ వహబ్ కూడ అచటనే మరణించెను. ఆ పగ చల్లాఱలేదు. 661 జనవరిలో కూఫా మసీదున ఇబ్న్ ముల్జమ్ అను ఖారిజీ విషము పూసిన కత్తితో అలీని పొడిచెను. అలీకి విరోధియైన ముఆవియా గాయముతో బ్రతికెను. రాజ్యము అతనికి దక్కెను.

ఇంతకును ఈ ప్రజలను ఆకర్షించిన దేమి? ఆనాడు ఖలీఫా ఖురైషు తెగవాడై యుండవలెనని చాలమంది అభిప్రాయము. ప్రవక్త వంశమువాడే కావలెనని అలీ పక్షీయులు కొందఱు. ఖారిజీలు ఈ రెంటిని త్రోసిపుచ్చిరి. భక్తియు యోగ్యతయు ఉన్నచో ఎవ్వడైనను, నల్లజాతి బానిసయైనను, నాయకుడు కావచ్చును. అన్యాయము చేసినచో అతనిని దింపవలెను. పుట్టుకతో పని లేదను ఈ మాట, జయించినవారిలో చివరి పంక్తిని నిలుచుండిన తెగలకును, అరబ్బులు కాని నూతన ముస్లిములకును ఎంత మధురముగా వినబడియుండును! కాని దీని వెంట ఇంకొక సూత్రము వచ్చెను. మహాపాపము చేసినవాడు విశ్వాసి కాడు. ఎవ్వడు విశ్వాసి కాడో నిర్ణయించు అధికారము ఎవ్వరిది? తీర్పు దేవునిదే యని మొదలిడినవారు, ఇచట తామే తీర్పరులై కూర్చుండిరి. తోటలోని పండునకును ఏటియొడ్డున పాఱిన నెత్తురునకును నడుమ నున్న దారి ఇదియే.

ఈ ప్రశ్నపైననే వారు తమలో తాము చీలిరి. నాఫీ ఇబ్న్ అల్ అజ్రక్ 684లో తన యనుచరులతో బస్రా విడిచి అహ్వాజు వైపు సాగెను. తమతో కలసి రాక ఇండ్లలో కూర్చుండిన ఖారిజీలు సయితము బహుదేవతారాధకులతో సమానులని అతని మతము. విరోధుల భార్యాబిడ్డలను చంపుటయు ధర్మమేనట! దారినపోవువారిని నిలిపి, విశ్వాసమును పరీక్షించి, సమాధానము నచ్చనిచో చంపుట వారి పద్ధతి. యూదులకును క్రైస్తవులకును మాత్రము అభయ ముండెడిది. వారికంటె తోడి ముస్లిమే వారికి పెద్ద శత్రువు. నాఫీ 685లో యుద్ధమున పడెను. కొంతకాలమునకు ఖతరీ అను వీరుడు ఈ అజ్రకీలకు నాయకుడై, తన పేర నాణెములు ముద్రించుకొని, పారసీక భూములలో ఏండ్ల తరబడి పోరాడెను.

ఈ ఖతరీ గొప్ప కవి. యుద్ధమున బెదరిన తన ప్రాణమునకు తానే ధైర్యము చెప్పుకొనుచు అతడు చెప్పిన పద్యములను అబూ తమ్మాము తన ‘హమాసా’ సంకలనమున చేర్చెను. నేటికిని అరబ్బీ విద్యార్థులు వానిని వల్లించుచుందురు. సిద్ధాంతము భయంకరము, కవిత్వము నిర్మలము. సాహిత్యము చదువువారు ఈ రెంటిని ఒక్కచో నుంచి చూడక తప్పదు. ఖతరీ చివఱకు సేనలో చీలికలు రాగా తబరిస్తాను కొండలలో చంపబడెను.

ఆ కాలముననే షబీబ్ అను ఖారిజీ సేనాని కొద్దిపాటి ఆశ్వికులతో ఇరాకు పాలకుడైన హజ్జాజును ముప్పుతిప్పలు పెట్టెను. అతని భార్య ఘజాలా, కూఫా మసీదులో ప్రార్థన చేసి, అందు ఖురానులోని రెండవ, మూడవ అధ్యాయములను సంపూర్ణముగా పఠింతునని మ్రొక్కుకొనెనట. అవి 286, 200 వాక్యములు గల పెద్ద అధ్యాయములు. హజ్జాజు ఊరిలో నుండగనే ఆమె వచ్చి, ఆ మ్రొక్కు తీర్చుకొనిపోయెనని చెప్పుదురు. ఒక స్త్రీకి వెఱచి కోటలో దాగితివని ఇమ్రాన్ ఇబ్న్ హిత్తాన్ అను ఖారిజీ కవి ఆ పాలకుని ఎత్తిపొడిచెను. షబీబ్ గుఱ్ఱము వంతెనపై కాలుజాఱి 697లో నదిలో మునిగిపోయెను.

కత్తి పట్టినవారి కథ చాలవఱకు ఇట్లే ముగిసినది. బస్రాలో నిలిచినవారి కథ వేఱు. అబ్దుల్లా ఇబ్న్ ఇబాద్ పేర వారు ఇబాదీలని పిలువబడిరి. వారి బుద్ధికి గురువు ఒమానునుండి వచ్చిన జాబిర్ ఇబ్న్ జైద్. వీరు చేసినది ఒక చిన్న వివరణ మాత్రమే. పాపము చేసిన ముస్లిము కృతఘ్నుడు, అంతేకాని బహుదేవతారాధకుడు కాడు. కావున అతనితో వియ్యమందవచ్చును, వారసత్వము పొందవచ్చును, అతని సొత్తు దోచరాదు, ఊరకున్న వానిపై కత్తి ఎత్తరాదు. ఒక్క మాటకు అర్థము నిర్ణయించుటలో ఎందఱి ప్రాణము లున్నవో చూడుడు!

జాబిరు తరువాతి గురువు అబూ ఉబైదా వృత్తిచే బుట్టలల్లువాడు. నేలమాళిగలో శిష్యులకు పాఠము చెప్పుచుండగా వాకిట కాపరి యొకడు గొలుసుతో కూర్చుండెడివాడనియు, ఎవ్వరైన వచ్చినచో దానిని కదలింపగా లోపల పాఠము ఆగెడిదనియు ఇబాదీ గ్రంథములు చెప్పును. ఆ మాళిగనుండి వెడలిన శిష్యులు యెమెను, ఒమాను, ఉత్తరాఫ్రికాలకు ఈ బోధను మోసికొనిపోయిరి.

వారిలో నొకడు పారసీక వంశజుడైన అబ్దుర్రహమాన్ ఇబ్న్ రుస్తుమ్. నేటి అల్జీరియాలోని తాహర్తున అతనిని ఇమాముగా ఎన్నుకొనిరి. అతడు తప్పు చేసి దింపవలసివచ్చినచో అడ్డుపడుటకు అచట అతనికి తెగ యేదియు లేదు. ఎన్నికకు అదియు ఒక కారణమట. తాహర్తున నివసించిన ఇబ్న్ అస్సగీర్ అను చరిత్రకారుడు ఇబాదీ కాడు, ఆ మతమన్న అతనికి గిట్టదు. అయినను అతడిట్లు వ్రాసెను: బస్రానుండి ధనము తెచ్చిన దూతలు ఇమామును చూడబోగా, అతడు ఇంటికప్పుపై కూర్చుండి, బానిస అందించుచున్న మట్టితో బీటలు పూడ్చుచుండెను. చేతులు కడిగికొని దిగివచ్చి, వారికి రొట్టెయు నేయియు పెట్టెను. రెండవమాఱు ధనము రాగా, మాకంటె అవసరమున్నవారికి ఇండని త్రిప్పిపంపెను. ఆ ఊరిలో కూఫావారికి, బస్రావారికి, కైరవానువారికి వేఱువేఱు మసీదు లుండెనని కూడ అతడే చెప్పెను.

ఫాతిమీ సేనలు 909లో తాహర్తును కూల్చివేసినవి. ఇబాదీలు ఎడారి లోపలికి తరలి, కాలక్రమమున మ్జాబు లోయలో ఊళ్లు కట్టుకొనిరి. ఆ ఊళ్లు నేటికిని నిలిచియున్నవి. 1982లో యునెస్కో వానిని ప్రపంచ వారసత్వ స్థలముగా గుర్తించెను. ఒమానులో ఇబాదీ మతస్థులు నేటికిని పెద్దసంఖ్యలో కలరు. ఖారిజీలన్న పేరు మాత్రము తమకు వర్తింపదని వారు పట్టుదలతో చెప్పుదురు.