లఘుచిత్రంలో నిత్యజీవితం

కడప జిల్లా ఒంటిమిట్టలో ఏటా చైత్రమాసంలో కోదండరాముని కల్యాణం రాత్రివేళ, పండువెన్నెలలో జరుగుతుంది. ఆ వైభవాన్ని చిత్రించడానికి ఎన్నో కెమెరాలు అక్కడికి చేరుతాయి. తక్కిన రోజుల్లో ఆ ఊరి యువతి ఒకరు వేకువనే లేచి, వాకిలి ఊడ్చి, కళ్ళాపి చల్లి, నీళ్ళు పట్టి, వంటపని ముగించి కళాశాలకు బయలుదేరితే, దానిని చిత్రించాలని ఎవరికీ తోచదు. అందులో కథ లేదని అందరూ భావిస్తారు. ఈ భావనను ప్రశ్నించినదే మినిమలిజం అనే చిత్రనిర్మాణ పద్ధతి.

ఇందులో పాత్రలు, సంభాషణలు, సంగీతం అన్నీ మితంగానే ఉంటాయి. కెమెరా కదలకుండా ఒకేచోట చాలాసేపు నిలుస్తుంది. సాధారణ చిత్రంలో బిందె నింపే దృశ్యం క్షణంలో ముగుస్తుంది. ఇక్కడ బిందె నిండేవరకు ప్రేక్షకుడు కూడా వేచి ఉండాలి. అప్పుడే ఆ పనికి పట్టే కాలం, అందులోని శ్రమ అతనికి తెలుస్తాయి. ఒక ఇల్లు, ఒక మనిషి, ఒక ఉదయం చాలు కనుక లఘుచిత్రానికి ఈ పద్ధతి ఎంతో అనువైనది.

బెల్జియం దర్శకురాలు షాంతాల్ ఆకెర్మన్ 1968లో, 18 ఏళ్ళ వయస్సులో, వంటింట్లో ఒంటరిగా ఉన్న ఒక అమ్మాయి చేసే పనులను 13 నిమిషాల లఘుచిత్రంగా తీసి, ఆ పాత్రను తానే ధరించారు. 1975లో ఒక వితంతువు మూడు రోజుల దినచర్యను మూడు గంటలకు పైగా సాగే 'జాన్ డీల్మాన్'గా మలిచారు. బ్రిటన్ పత్రిక 'సైట్ అండ్ సౌండ్' 2022లో జరిపిన విమర్శకుల ఎన్నికలో ఆ చిత్రానికే ప్రథమస్థానం దక్కింది.

తెలుగులో ఈ ధోరణికి దగ్గరగా నిలిచేది బి. నర్సింగరావు దర్శకత్వంలో 1988లో వచ్చిన 'దాసి'. ఇది లఘుచిత్రం కాకపోయినా మితభాషియైన చిత్రం. తెలంగాణలో ఒక దొర గడీలో బతికే కమలాక్షి దైనందిన చాకిరీయే ఇందులోని ఇతివృత్తం. ఆమె వేదనను మాటలకంటే మౌనమే ఎక్కువగా తెలియజేస్తుంది. ఆ పాత్ర ధరించిన అర్చనకు జాతీయ ఉత్తమ నటి పురస్కారం లభించింది.

భారత ప్రభుత్వం 2019లో జరిపిన కాల వినియోగ సర్వే ప్రకారం, వేతనం లేని ఇంటిపనులు చేసేవారిలో స్త్రీలు రోజుకు సగటున 299 నిమిషాలు, పురుషులు 97 నిమిషాలు అందుకు వెచ్చించారు. అంకెలు ఆ వ్యత్యాసాన్ని తెలుపుతాయి. ఆ నిమిషాలు ఎలా గడుస్తాయో చూపడం ఇటువంటి చిత్రాల పని. ఒంటిమిట్ట యువతి ఉదయాన్ని పది నిమిషాలు ఓపికగా చూసిన ప్రేక్షకుడు, తన ఇంట్లో అదే పని చేస్తున్న తల్లినో, అక్కనో గమనించక మానడు.