మీకు తెలుసా? పులికాటు తీరమున ఒక దినము
తిరుపతి నుండి వేకువనే బయలుదేరువారు, సూళ్ళూరుపేటలో చెంగాళమ్మను సేవించి, శ్రీహరికోటకు పోవు దారికి ఇరుప్రక్కల పరచుకొన్న పులికాటు సరస్సున, లోతులేని ఉప్పునీట వంపుముక్కులతో ఆహారమును వడగట్టుకొను ఫ్లెమింగో పక్షులను శీతకాలమున కన్నులార చూడవచ్చును. వాని గులాబివన్నె జన్మసిద్ధము గాదు. తినెడి నాచులోను, సూక్ష్మజీవులలోను ఉన్న వర్ణద్రవ్యమే రెక్కలకెక్కును.

సమీపమున నేలపట్టు చెరువులో, నీట నిలిచిన చెట్లపై గూడబాతులు గూళ్ళుగట్టి గుడ్లు పొదుగును. వాని రెట్టతో సారవంతమైన నీరు దిగువ పొలములకు ఎరువగును.

ఈ తీరముననే యున్న దుగరాజపట్నమును చూడక మరలుట తగదని నా దృఢాభిప్రాయము. 1626 ప్రాంతమున ఆంగ్ల వర్తకులు అర్మగాన్ అను పేర స్థావరము కట్టుకొన్నది అచ్చటనే. ఆ స్థావరాధికారియైన ఫ్రాన్సిస్ డే, మేలైన తావును వెదకుచు దక్షిణమునకు సాగి, 1639లో మద్రాసు భూమిని సంపాదించెను.