ఆరాటపెట్టే రసాయనం

1954లో కెనడాలోని మెక్‌గిల్ విశ్వవిద్యాలయంలో జేమ్స్ ఓల్డ్స్, పీటర్ మిల్నర్ ఎలుకల మెదడులోకి సన్నటి తీగలు దింపారు. మీట నొక్కితే మెదడులో ఒకచోట స్వల్పంగా కరెంటు పారుతుంది, అంతే. ఎలుకలు ఆ మీటను వదిలిపెట్టలేదు. తర్వాతి ప్రయోగాల్లో కొన్ని ఎలుకలు గంటకు వేలసార్లు నొక్కాయి. మెదడులో 'ఆనంద కేంద్రం' దొరికిందని పత్రికలు రాసేశాయి. అక్కడి నాడీ దారుల్లో ముఖ్యమైన సరుకు డోపమైన్ అని తేలాక, 'ఆనంద రసాయనం' అన్న పేరు దానికి అతుక్కుపోయింది. ఇవాళ కాఫీ తాగినా, రీల్ చూసినా డోపమైనే అంటున్నాం. పేరు బాగానే ఉంది గానీ, సగానికి పైగా తప్పు.

అసలు డోపమైన్‌కు సొంత పని ఒకటుందనే చాలాకాలం ఎవరూ అనుకోలేదు. 1950ల చివర్లో స్వీడన్ శాస్త్రవేత్త అర్విడ్ కార్ల్‌సన్ కుందేళ్లకు రెసర్పిన్ ఇచ్చారు. మన సర్పగంధి వేళ్లలో దొరికే మందు అది. కుందేళ్లు కదల్లేక కూలబడ్డాయి. ఎల్-డోపా ఎక్కించగానే లేచి తిరిగాయి. ఆ ఎల్-డోపాను మెదడు డోపమైన్‌గా మార్చుకుంటుంది. (పొలం గట్ల మీద ఒళ్లంతా దురద పెట్టించే దూలగొండి ఉంది చూశారూ, దాని గింజల్లోనూ ఎల్-డోపా ఉంటుంది.) కదలికలు దెబ్బతినే పార్కిన్సన్స్ వ్యాధికి నేటికీ ప్రధానమైన మందు ఎల్-డోపానే. కార్ల్‌సన్‌కు 2000లో నోబెల్ బహుమతి వచ్చింది.

అంటే కదలికకు డోపమైన్ కావాలి. మరి ఆనందానికి?

అమెరికాలోని మిషిగన్ విశ్వవిద్యాలయంలో కెంట్ బెరిడ్జ్ ఎలుకల మెదడులో డోపమైన్ దాదాపు లేకుండా చేసి చూశారు. ఎదురుగా తిండి పెట్టినా అవి ముట్టలేదు. గొట్టంతో పోస్తే తప్ప బతకని స్థితి. కానీ నాలుక మీద పంచదార నీళ్లు వేస్తే, మామూలు ఎలుకల్లాగే ఇష్టంగా మూతి నాక్కున్నాయి. తీపి తెలుస్తోంది, నచ్చుతోంది కూడా. కావాలన్న కోరికే చచ్చిపోయింది.

నాడీశాస్త్రవేత్త వుల్ఫ్రమ్ షుల్జ్ కోతుల మీద చేసిన ప్రయోగాలు ఇంకో ముడి విప్పాయి. అనుకోకుండా పండ్లరసం చుక్క అందితే డోపమైన్ కణాలు చురుగ్గా స్పందించాయి. దీపం వెలిగాక రసం వస్తుందని కోతి నేర్చుకున్నాక, ఆ స్పందన దీపం దగ్గరికే జరిగిపోయింది. రసం అందినప్పుడు విశేషమేమీ లేదు. దీపం వెలిగీ రసం రాకపోతే మాత్రం ఆ కణాలు ఒక్కసారిగా సద్దుమణిగాయి. బజ్జీల బండి దగ్గర నూనె వాసన తగలగానే కాలు అటు లాగడం ఇలాంటిదే.

మత్తుపదార్థాలు ఈ లెక్కను చెడగొడతాయి. ఊహించింది ఊహించినట్టే దొరికితే డోపమైన్ ఊరుకోవాలి. కొకైన్, నికోటిన్ అలా ఊరుకోనివ్వవు. తీసుకున్న ప్రతిసారీ రసాయన బలంతో దాన్ని ఎగదోస్తూనే ఉంటాయి. అందుకే తాగుడులో సుఖం పోయి ఏళ్లు గడిచినా, సీసా కనబడితే చెయ్యి ఆగదు. ఇష్టం తరిగిపోతుంటే కోరిక పెరిగిపోవడమే వ్యసనమని బెరిడ్జ్, ఆయన సహ పరిశోధకుడు టెర్రీ రాబిన్సన్ 1993లోనే వాదించారు.

దీనికి బలమైన సాక్ష్యం ఆసుపత్రుల్లోనే దొరికింది. ప్రామిపెక్సోల్, రోపినిరోల్ అనే పార్కిన్సన్స్ మందులు డోపమైన్‌లా నటిస్తాయి. వాటిని వాడుతున్న కొందరు, ఎన్నడూ పేక ముట్టనివాళ్లు సైతం, జూదంలో పడ్డారు. ఇంకొందరు అవసరం లేనివన్నీ కొన్నారు, ఆగకుండా తిన్నారు. 3,090 మంది రోగులను పరిశీలించి 2010లో వెలువరించిన అధ్యయనంలో, ఈ తరహా మందులు వాడేవారిలో 17 శాతానికి, వాడనివారిలో 7 శాతానికి ఇలాంటి అదుపుతప్పిన అలవాట్లు కనిపించాయి. మోతాదు తగ్గించాక చాలామంది మామూలు మనుషులయ్యారు. ఆ ఇళ్లలో అంతకుముందు ఎన్ని తిట్లు, ఎన్ని ఏడుపులు నడిచాయో! బుద్ధి వక్రించిందనుకున్నది మాత్ర చేసిన పని. అలాగని మందును సొంతంగా మానేయడం ప్రమాదం, డాక్టరుతోనే మాట్లాడాలి.

'డోపమైన్ డిటాక్స్' అంటూ రోజంతా ఫోన్ కట్టేసేవాళ్లు ఇప్పుడు కనిపిస్తున్నారు. ఫోన్ పక్కన పెట్టడం మంచిదే. ఆశ రేపే గంటలూ గుర్తులూ కళ్లబడవు. కానీ డోపమైన్ కడిగేసుకునే మలినం కాదు. అది నిజంగా అడుగంటితే మంచం మీంచి లేవలేం.

జాగ్రత్త పడాల్సింది 'కొద్దిలో తప్పింది' అనిపించే ఆటలతో. స్లాట్ మెషీన్‌లో జాక్‌పాట్ ఒక్క గడి పక్కన ఆగిపోతే, ఓడినా సరే, గెలుపుకు స్పందించే మెదడు భాగాలే మేల్కొంటాయని 2009లో కేంబ్రిడ్జ్ పరిశోధకులు చూపించారు. తెలంగాణ 2017లో, ఆంధ్రప్రదేశ్ 2020లో డబ్బు పెట్టి ఆడే ఆన్‌లైన్ రమ్మీని నిషేధించాయి. 2025లో కేంద్రం దేశమంతటికీ చట్టం చేసింది. చట్టం వచ్చినంత మాత్రాన లోపలి లాగుడు ఆగదు. ఇంట్లో ఎవరైనా ఇలాంటి ఆటల్లో చిక్కుకుంటే సిగ్గుపడి దాచకండి. 14416కు ఫోన్ చేస్తే ప్రభుత్వ టెలీమానస్ సలహాదారులు తెలుగులోనే ఉచితంగా మాట్లాడతారు.