ప్రొస్టేట్ స్కానింగ్ అంటే సిగ్గెందుకు, భయమెందుకు?

ప్రార్థన మనవులు చెప్పమంటే మన సంఘాల్లోని పెద్దవారు షుగరు గురించి చెబుతారు, బీపీ గురించి చెబుతారు, మోకాళ్ళ నొప్పుల గురించి చెబుతారు. మూత్రం సరిగా రావడం లేదని మాత్రం ఎవరూ చెప్పరు. ఆరాధనకు వస్తే తలుపు దగ్గరి కుర్చీ చూసుకుని కూర్చుంటారు. ప్రయాణం ఉందంటే ఉదయం నుంచి నీళ్ళు మానేస్తారు. రాత్రి నాలుగైదుసార్లు లేస్తున్నా, వయసు మీద పడింది కదా అని సరిపెట్టుకుంటారు. డాక్టరు స్కానింగ్ రాసిస్తే ఆ చీటీ నెలల తరబడి సంచిలోనే ఉండిపోతుంది. అక్కడ ఏం చేస్తారో తెలియకపోవడమే ఈ జంకుకు సగం కారణమని మేము అనుకుంటున్నాం. అందుకే ఈ వారం ఆ పరీక్ష గురించి దాపరికం లేకుండా రాస్తున్నాం. సహోదరులే కాదు, వారి భార్యలు, పిల్లలు కూడా చదవాలని మా కోరిక.

ఏమిటీ ప్రొస్టేట్?

ఇది మగవారికి మాత్రమే ఉండే చిన్న గ్రంథి. మూత్రాశయం కింద, మూత్రనాళం చుట్టూ ఉంగరంలా ఉంటుంది. వీర్యంలోని ద్రవంలో కొంత ఇక్కడే తయారవుతుంది. యౌవనంలో అక్రోటు కాయంత, సుమారు 20 గ్రాములు ఉంటుంది. యాభై దాటిన చాలామందిలో ఇది పెరుగుతుంది. అది నాళాన్ని నొక్కేకొద్దీ మూత్రం దారి ఇరుకవుతుంది. ధార సన్నబడుతుంది, మొదలవడానికి ఆలస్యమవుతుంది, ఆగి ఆగి వస్తుంది, పోసి వచ్చాక కూడా ఇంకా మిగిలినట్టే ఉంటుంది. ఈ పెరుగుదల క్యాన్సర్ కాదు. అయితే అదే గ్రంథిలో క్యాన్సర్ కూడా రావచ్చు, తొలిదశలో ఏ లక్షణమూ కనబడకపోవచ్చు.

అల్ట్రాసౌండ్ స్కానింగ్‌లో మన చెవికి వినబడని ధ్వని తరంగాలను లోపలికి పంపి, తిరిగి వచ్చే ప్రతిధ్వనులతో తెర మీద బొమ్మ కడతారు. ఎక్స్‌రేలో ఉండే రేడియేషన్ ఇందులో ఉండదు. ప్రొస్టేట్‌కు దీన్ని రెండు విధాలుగా చేస్తారు.

పొట్ట మీద నుంచి

ఎక్కువమందికి మొదట రాసేది ఇదే. దీనికి మూత్రాశయం నిండి ఉండాలి. పరీక్షకు గంట ముందు మూడు నాలుగు గ్లాసుల నీళ్ళు తాగి, మూత్రం పోయకుండా రమ్మంటారు. నిండిన మూత్రాశయం గుండా చూస్తే వెనుక ఉన్న గ్రంథి స్పష్టంగా కనబడుతుంది. గుండె జబ్బు, కిడ్నీ జబ్బు ఉండి నీళ్ళు తగ్గించమని చెప్పినవారు ముందుగా డాక్టరును అడిగి తాగాలి. ఆపుకోలేకపోతే బాధపడుతూ కూర్చోకండి, అక్కడి సిబ్బందితో చెప్పండి.

వెల్లకిలా పడుకోబెట్టి, పొత్తికడుపు మీద చల్లటి జెల్ రాసి, చేతిలో ఇమిడే పరికరంతో అటూ ఇటూ జరుపుతూ చూస్తారు. నొప్పి ఉండదు. తర్వాత మూత్రం పోసి రమ్మని మళ్ళీ ఒకసారి చూస్తారు. లోపల ఎంత మిగిలిపోతోందో తెలిసేది ఈ రెండో విడతలోనే. కాబట్టి మొదటిది కాగానే ఇంటికి వచ్చేయకండి. బయట ఎవరో ఎదురు చూస్తున్నారని హడావుడిగా పోసి ఉంటే ఆ మాట కూడా చెప్పండి, లేకపోతే లెక్క తప్పుతుంది.

మలద్వారం గుండా

అందరికీ ఇది అవసరం లేదు. గ్రంథిని మరింత దగ్గరగా చూడాలన్నా, దానిలోంచి ముక్క తీసి పరీక్షకు పంపాలన్నా దీన్ని చేస్తారు. మనవారు భయపడేదీ దీనికే. కొన్నిచోట్ల ముందుగా ఎనిమా ఇస్తారు. నడుము కింది బట్టలు తీయించి దుప్పటి కప్పుతారు. ఎడమ పక్కకు తిరిగి, మోకాళ్ళు గుండెల వైపు ముడుచుకుని పడుకోమంటారు. సుమారు వేలంత లావున్న పరికరానికి కొత్త తొడుగు వేసి, జెల్ రాసి, మెల్లగా కొద్ది దూరం లోపలికి పంపుతారు. ఒత్తిడిగా, విరేచనం వస్తున్నట్టుగా ఉంటుంది. నోటితో నిదానంగా ఊపిరి వదులుతూ ఒళ్ళు వదులు చేస్తే ఇబ్బంది తగ్గుతుంది. సాధారణంగా పావుగంటలో అయిపోతుంది. వెంటనే లేచి ఇంటికి వెళ్ళవచ్చు, భోజనం చేయవచ్చు, పని చేసుకోవచ్చు. మొలలు ఉన్నా, అక్కడ పుండు ఉన్నా, రబ్బరు పడకపోయినా ముందే చెప్పాలి.

ముక్క తీసే పరీక్ష, అంటే బయాప్సీ వేరు. మత్తు ఇంజెక్షన్ ఇచ్చి, సన్నటి సూదితో సాధారణంగా 10 నుంచి 12 చిన్న ముక్కలు తీస్తారు. రక్తం పలచబడే మాత్రలు వాడుతుంటే ముందే చెప్పండి, వాటిని మీ అంతట మీరు మానకండి. కొన్ని రోజులు మూత్రంలో, మలంలో కొద్దిగా రక్తం, కొన్ని వారాలు వీర్యంలో ఎర్రదనం కనబడవచ్చు. చలితో జ్వరం వచ్చినా, మూత్రం ఆగిపోయినా తెల్లవారే దాకా చూడకుండా వెంటనే ఆసుపత్రికి వెళ్ళాలి.

రిపోర్టులో ఏముంటుంది?

పొడవు, వెడల్పు, ఎత్తు సెంటీమీటర్లలో కొలిచి, మూడింటినీ హెచ్చించి, దాన్ని 0.52తో గుణిస్తే గ్రంథి పరిమాణం వస్తుంది. 5, 4, 4 ఉంటే సుమారు 42 సీసీ. అయితే సైజే సర్వస్వం కాదు. పెద్ద గ్రంథి ఉన్నా బాధలేని వారున్నారు, కొద్దిగా పెరిగినా మూత్రం అడ్డుపడేవారున్నారు.

మన దగ్గర చాలా రిపోర్టుల్లో 'గ్రేడ్ 2 ప్రొస్టటోమెగాలీ' వంటి మాట ఉంటుంది. గ్రేడ్ అనగానే క్యాన్సర్ అనుకుని ఇంటిల్లిపాదీ బెంబేలెత్తిపోతారు. ఆ మాటకు గ్రంథి ఎంత పెరిగిందన్నదే అర్థం, క్యాన్సర్ దశ కాదు. అలాగే స్కానింగ్ బాగుందంటే క్యాన్సర్ లేదని తీర్మానించుకోవడానికీ వీల్లేదు. క్యాన్సర్ అనుమానాన్ని పీఎస్ఏ రక్తపరీక్ష, డాక్టరు వేలితో చేసే పరీక్ష, అవసరమైతే ఎంఆర్ఐ కలిపి చూస్తారు. చివరికి ఖాయం చేసేది బయాప్సీయే. కాబట్టి రిపోర్టు చేతికి రాగానే మీరే తీర్పు చెప్పుకోకుండా, రాసిచ్చిన డాక్టరుకే చూపించండి.

ఆలస్యం వద్దు

సిగ్గుతో గడిపే నెలలకు వెల ఉంది. ఒకరోజు మూత్రం పూర్తిగా ఆగిపోయి, అర్ధరాత్రి పొత్తికడుపు పట్టుకుని ఆసుపత్రికి పరుగెత్తాల్సి రావచ్చు. అంతకంటే ప్రమాదం, లోపల నిలిచిన మూత్రం వెనక్కి ఒత్తిడి పెట్టి, పెద్దగా నొప్పి లేకుండానే కిడ్నీలను పాడుచేయడం. వేళకు వెళితే చాలామందికి మాత్రలతోనే సుఖం దొరుకుతుంది.

సంఘ పెద్దలకు ఒక మనవి. పురుషుల కూడికలో ఈ సంగతి ఒక్కసారి పేరు పెట్టి మాట్లాడండి. ఒంటరిగా వెళ్ళడానికి జంకే సహోదరునికి తోడుగా వెళ్ళి, బయట బల్ల మీద కూర్చోండి. సహోదరీలారా, మీ ఇంట్లో రాత్రిళ్ళు లేచేవారిని మెల్లగా అడగండి. ఇక సహోదరులారా, ప్రార్థన చేసుకునే వెళ్ళండి, కానీ వెళ్ళండి.