కొలువు పోయిన పోలీసుకు కోర్టు ఏమి చేయగలదు?

కోసిగి ఠాణాలో పనిచేయు ఒక కానిస్టేబులును కొలువునుండి డిస్మిస్ చేసిరనుకొందము. జిల్లా పోలీసు సూపరింటెండెంటు దస్కతుతో కర్నూలునుండి ఉత్తరువు వచ్చును. జీతము ఆగును, పింఛను ఆశ పోవును, మరల సర్కారు నౌకరి దొరకుట దుర్లభము. అప్పుడు ఇంటివారు తలచునది ఒక్కటే: "హైకోర్టుకు పోదము, నిజము అక్కడ తేలును." ఈ నమ్మకములో ఎంతవరకు న్యాయమున్నదో శ్రోతలతో కలిసి మేము విచారింప దలచితిమి.

రాజ్యాంగము 310వ అధికరణము ననుసరించి రాష్ట్ర ప్రభుత్వోద్యోగి గవర్నరు ఇష్టమున్నంతవరకే కొలువులో నుండును. అయితే ఆ ఇష్టమునకు 311వ అధికరణము రెండు కట్టుబాట్లు విధించినది. నియమించిన అధికారికంటె తక్కువ హోదా గలవారు తొలగింపరాదు. ఆరోపణలు తెలిపి, విచారణ జరిపి, సమాధానము చెప్పుకొనుటకు తగిన అవకాశమీయక తొలగింపరాదు.

తగిన అవకాశమనగా నేమి? 1957లో ఖేంచంద్ వ్యాజ్యమున సుప్రీంకోర్టు దానిని వివరించినది. ఆరోపణను కాదనుటకును, ఎదుటి సాక్షులను ప్రశ్నించుటకును, తన సాక్షులను పిలిపించుకొనుటకును ఉద్యోగికి వీలుండవలెను. హైదరాబాదులోని ఎలక్ట్రానిక్స్ కార్పొరేషనుకు సంబంధించిన వ్యాజ్యమున 1993లో మరియొక హక్కు స్థిరపడినది. విచారణాధికారి వేరొకరైనచో, శిక్ష నిర్ణయించుటకు ముందే ఆయన నివేదిక ప్రతిని ఉద్యోగి కీయవలెను. అయితే ప్రతి అందలేదన్నంత మాత్రమున ఉత్తరువు కొట్టుపడదు. అందువలన ఉద్యోగికి నష్టము కలిగినదా యని కోర్టు చూచును.

విచారణ అక్కరలేని సందర్భములు మూడు కలవు. క్రిమినలు నేరము రుజువై శిక్షపడిన నడవడికి తొలగించుట ఒకటి. విచారణ సాధ్యము కాదని అధికారి కారణములు వ్రాసిపెట్టుట రెండవది. రాజ్యభద్రత మూడవది. 1985లో తులసీరాం పటేల్ వ్యాజ్యమున సుప్రీంకోర్టు వీనిని సమర్థించినది.

ఇక అసలు సంగతి. మన రాష్ట్రముననే ఒక సబ్ ఇన్‌స్పెక్టరును శాఖా విచారణపై డిస్మిస్ చేయగా, హైకోర్టు ఆ ఉత్తరువును రద్దుచేసినది. ప్రభుత్వము సుప్రీంకోర్టుకు పోయినది. 1963లో వెలువడిన ఆ తీర్పు శ్రీరామారావు వ్యాజ్యమను పేర నేటికిని ఉదాహరింపబడుచున్నది. శాఖాధికారుల నిర్ణయముపై హైకోర్టు అప్పీలు కోర్టు కాదని అందు తేల్చిరి. క్రిమినలు కేసులో వలె సందేహాతీతమైన రుజువు శాఖా విచారణలో అక్కరలేదు. చట్టసమ్మతమైన సాక్ష్యము కొంత యున్నచో, అది చాలునా, నమ్మదగినదా యని రిట్టు విచారణలో హైకోర్టు తూకము వేయదు. సాక్ష్యమే లేకున్నను, సహజన్యాయమునకు భంగము కలిగినను, నియమములు మీరినను జోక్యము చేసికొనును. క్రిమినలు కోర్టులో నిర్దోషి యనిపించుకొన్నంత మాత్రమున కొలువు దానంతటదే తిరిగి రాకపోవుటకును కారణమిదే.

కనుక హైకోర్టు చూచునది "ఇతడు తప్పు చేసెనా?" అని కాదు, "న్యాయముగ విచారించిరా?" అని. విచారణనాడు మౌనముగ నుండి, సాక్షిని ఒక్క ప్రశ్నయైన వేయక, తరువాత కోర్టుకెక్కుట చేతులు కాలిన పిమ్మట ఆకులు పట్టుకొనుటయే యగును. ఆరోపణపత్రము చేతికందినది మొదలు కాగితములు భద్రపరుపవలెను. కావలసిన దస్తావేజులు వ్రాతపూర్వకముగ అడుగవలెను. నిరాకరించినచో ఆ సంగతియు వ్రాతలో నుండవలెను. శిక్ష పడినచో గడువు మీరక పై అధికారికి అప్పీలు చేసికొనవలెను. ఒకప్పుడు ఇట్టి తగాదాలు పరిపాలనా ట్రిబ్యునలుకు పోయెడివి. ఆంధ్రప్రదేశములో నేడది లేదు. 226వ అధికరణము క్రింద అమరావతిలోని హైకోర్టునే ఆశ్రయింపవలెను.

ఈ రక్షణ పోలీసులకు మాత్రమే మేలు చేయునదని తలపరాదు. అన్యాయముగ కొలువు పోవునను భయము లేని పోలీసు ఒత్తిడికి లొంగక నిలువగలడు. నిజముగ తప్పు చేసినవానిని పద్ధతి ప్రకారము విచారించి తొలగించినచో ఆ ఉత్తరువు కోర్టులో నిలుచును. తొందరపడి విచారణను తూతూమంత్రముగ ముగించినచో, దోషియు మరల ఉడుపు తొడుగుకొని రావచ్చును. పద్ధతిని పాటించుట ఇరువురికిని మేలు.