ముల్లు జారితే మాట జారినట్టే

హాస్యంలో అరక్షణం ఆలస్యమైనా నవ్వు చచ్చిపోతుంది. తెర మీది బొమ్మకు మాట నేర్పబోయిన వాళ్లందరినీ ఏడిపించింది ఆ అరక్షణమే.

1913లో ఎడిసన్ కైనెటోఫోన్ తెచ్చాడు. తెర వెనక ఫోనోగ్రాఫు, హాలు అవతలి కొసన ప్రొజెక్టరు, రెండింటినీ కలుపుతూ హాలు పొడవునా ఒక తాడు. తాడు కాస్త సాగినా, జారినా పెదవులది ఒక దారి, మాటది ఒక దారి. జనం నవ్వారు గానీ, నవ్వాల్సిన చోట కాదు.

1926లో వార్నర్ బ్రదర్స్ జనం ముందుకు తెచ్చిన వైటాఫోన్‌కి ఆ తాడు గొడవ లేదు. ప్రొజెక్టరునూ, దాని పక్కనే ఉన్న రికార్డు పళ్లాన్నీ ఒకే మోటారు తిప్పుతుంది. రికార్డు వెడల్పు 16 అంగుళాలు, వేగం నిమిషానికి 33⅓ చుట్లు. వెయ్యి అడుగుల రీలూ, రికార్డు ఒక వైపూ దాదాపు 11 నిమిషాలకు కలిసే అయిపోతాయి. పొట్టి హాస్యచిత్రానికి కొలత తీసి కుట్టిన చొక్కాలా సరిపోయింది.

ఆపరేటరుకే ప్రాణసంకటం. ఫిల్ములో ‘స్టార్ట్’ అని ఉన్న ఫ్రేమును గేటు దగ్గర నిలిపి, రికార్డు మీద బాణం గుర్తున్న చోట ముల్లు ఆనించాలి. అదీ అంచు దగ్గర కాదు, లోపల, లేబుల్ పక్కన. ముల్లు అక్కణ్ణుంచి బయటికి నడుస్తుంది. గాడిలో శబ్దం ఇరుకుగా ఉండే లోపలి చుట్లకు కొత్త ముల్లు పదును కావాలి మరి. ఇక ఫిల్ము తెగిందా, అతికేటప్పుడు పోయిన ఫ్రేములకు లెక్కగా నల్ల ఫ్రేములు కలపాల్సిందే. సెకనుకు 24 ఫ్రేములు. ఎనిమిది పోతే సెకనులో మూడో వంతు తేడా. చెంపదెబ్బ తగిలాక గానీ చప్పుడు రాదు.



ఈ చిక్కుకు చక్కటి విరుగుడు ఇంజనీర్ల బల్ల మీద కాదు, హాస్యగాళ్ల బుర్రలో పుట్టిందని నా నమ్మకం. 1929లో వచ్చిన లారెల్, హార్డీల తొలి టాకీ ‘అనకస్టమ్డ్ యాజ్ వుయ్ ఆర్’ చూడండి. లారెల్ సెలవు తీసుకుని తెరలోంచి వెళ్లిపోతాడు. కెమెరా హార్డీని వదలదు. మెట్ల మీంచి దభదభా దొర్లుతున్న చప్పుడు మాత్రం వినిపిస్తుంది. పడే మనిషే కనబడనప్పుడు చప్పుడు అరక్షణం అటూ ఇటూ అయితే పట్టుకునేదెవరు?

తర్వాత శబ్దం ఫిల్ము అంచుకే ఎక్కింది, పళ్లేలు మూలపడ్డాయి. ఈ చిత్రం రికార్డులూ కనబడకుండా పోయి, చాలా ఏళ్లు మూకీ ప్రతి ఒక్కటే మిగిలింది. దశాబ్దాల తర్వాత రికార్డులు దొరికాక, లారెల్ మళ్లీ మెట్ల మీంచి పడ్డాడు.