రాజు, సామంతుడు, ఆచార్యుడు

ఇంగ్లండు దేశ చరిత్ర చదివినవారికి రాజు, ప్రభువు, మతాచార్యుడు అను మూడధికారములు అడుగడుగునను ఎదురగును. క్రీ. శ. 959 మొదలు 975 వఱకు ఏలిన ఎడ్గారు రాజునకు డన్‌స్టన్ అను ఆర్చిబిషప్పు కుడిభుజమై యుండెను. 1066లో ఆ దేశమును జయించిన నార్మన్ విలియము, 1070లో లాన్‌ఫ్రాంక్ అను ఇటలీ దేశపు సన్న్యాసిని కాంటర్‌బరీ పీఠమున నిలిపెను. ఈ మూడధికారములు ఒకదాని నొకటి యెట్లు ఆదుకొని నిలిచినవో తెలిసికొనుటకు మనము సముద్రము దాటి పోనక్కఱలేదు. కృష్ణ కడలిని కలియు మన సీమలోనే ఆ కథ రాగిమీదను ఱాతిమీదను వ్రాయబడి యున్నది. అందు మూడు శాసనములను మాత్రము నేను మీకు పరిచయము చేసెదను.

మొదటిది చరిత్రకారులు మచిలీపట్టణ శాసనమని పిలుచు రాగిరేకుల శాసనము. దానిని వేయించినవాడు వేంగి చాళుక్య రాజగు రెండవ అమ్మరాజు. అతడు 945లో సింహాసన మెక్కెను, ఎడ్గారునకు సమకాలికుడు. దాయాదుల పోరు ఆ వంశమును పట్టిన చీడ. అమ్మరాజు సైతము 970 ప్రాంతమున అన్నయగు దానార్ణవుని వలననే రాజ్యమును కోల్పోయెను. అట్టి రాజునకు సామంతుల విశ్వాసమే పెట్టనికోట. అతని కొలువున పేరుగన్న కుటుంబమునకు చెందిన భీముడు, నరవాహనుడు అను సోదరులు విజయవాటికలో, అనగా నేటి విజయవాడలో, రెండు జైనాలయములు కట్టించిరి. జయసేనుడు వారి గురువు. అమ్మరాజు ఆ యాలయముల కొక గ్రామము నిచ్చెను. రాజునకు సామంతుల భక్తి దక్కెను. సామంతులకు కీర్తి దక్కెను. ఆచార్యునకు జీవనాధారము దక్కెను. కనుక దీనిని వట్టి యౌదార్యమనుటకంటె ముగ్గురి నడిమి ఒడంబడిక యనుట యుక్తము.

ఈ ఒడంబడికలో నాలుగవవాడొకడు కలడు. ఆ కాలమున గుడివాడ ప్రాంతమునకు గుద్రవార విషయమని పేరు. విషయమనగా నేటి జిల్లావంటిది. వేంగి చాళుక్యులు గ్రామదానము చేయునపుడు, ఆ విషయమందలి రాష్ట్రకూట ప్రముఖులను, కుటుంబులను సంబోధించి ఆజ్ఞ ప్రకటించుట పరిపాటి. రాష్ట్రకూటులు నాటి పెద్దలు. కుటుంబులు భూమి గల గృహస్థులు, కాపులు. వారికేల చెప్పవలెను? నిన్నటివఱకు రాజునకు ముట్టిన పన్ను రేపటినుండి గుడికో మఠమునకో ముట్టవలెను గనుక. ఎడ్వర్డు రాజు (1042-1066) కాలమున ఇంగ్లండులోను రాజాజ్ఞలు ఆయా మండలముల బిషప్పునకు, ప్రభువునకు, భూస్వాములకు సంబోధనగానే వెలువడినవి. అచ్చటను ఇచ్చటను దానపత్రము నలుగురి యెదుట చదువదగిన ప్రకటన. అయితే కాపునకు కబురు తెలుపుచున్నారేగాని అతని సమ్మతి నడుగుట లేదు.

రెండవ శాసనమునకు దివిసీమకు పోవుదము. కాకతీయ గణపతిదేవుడు (1199-1262) తీరాంధ్రమును జయించినపుడు దివి అయ్యవంశపు నాయకుల చేతిలో నుండెను. విలియము జయించిన దేశమున 1086లో డూమ్స్‌డే అను భూముల లెక్క వ్రాయించి చూడగా, పెద్ద భూములు గల ఆంగ్లప్రభువులు వ్రేళ్లమీద లెక్కింపదగినంత మందియే మిగిలియుండిరి. తక్కిన భూమి యంతయు నార్మనులపాలయ్యెను. గణపతిదేవుని పద్ధతి వేఱు. అతడు అయ్యవంశపు కన్యలగు నారమాంబ, పేరమాంబలను పెండ్లాడి, వారి సోదరుడైన జయపను తన గజసేనకు నాయకునిగా చేసికొనెను. ఓడినవారు చుట్టములైరి. ఆ జయపయే పిమ్మట సంస్కృతమున నృత్తరత్నావళిని రచించినవాడు.

జయప 1231లో, తన వంశమువారి దివిసీమలోనే, రాజు పేరిట గణపేశ్వరాలయమును కట్టించెను. నేటికిని ఆ యూరు గణపేశ్వరమే. అందలి శాసనమున కాకతీయుల వంశక్రమము నున్నది, జయప వంశక్రమము నున్నది. ఏలిక పేరు దేవునకు పెట్టి విధేయతను చాటుకొనెను. అదే ఱాతిమీద తన పెద్దల పేళ్లు చెక్కించి గౌరవమును నిలుపుకొనెను. వినయమును అభిమానమును ఒక్క ఱాతిమీద ఇంత నేర్పుతో ఇమిడ్చిన సామంతుడు అరుదు.

మూడవది మల్కాపుర శాసనము. దివినుండి కృష్ణ వెంట ఎగువకు పోయి, విజయవాడ దాటిన పిమ్మట దక్షిణపు టొడ్డున మందడమునకు చేరువలో నున్నది. లాన్‌ఫ్రాంక్ వలెనే ఇచ్చటి యాచార్యుడును పరదేశి: గౌడదేశమునుండి వచ్చిన విశ్వేశ్వర శివాచార్యుడు, గోళకీ మఠాధిపతి, గణపతిదేవునకు గురువు. మందడ గ్రామమును ఇచ్చెదనని రాజు మాట యిచ్చెను. దానిని 1261లో శాసనముచేసి నెఱవేర్చినది కుమార్తెయగు రుద్రమదేవి. వెలగపూడిని కూడ చేర్చి యిచ్చెను. ఆచార్యుడా రాబడిని గుడికి, మఠమునకు, విద్యార్థుల భోజనమునకు, ప్రసూతిశాలకు, ఆరోగ్యశాలకు పంచిపెట్టెను. బ్రాహ్మణుడు మొదలు చండాలుని వఱకు వచ్చినవారి కెల్ల అన్నము పెట్టవలెనని నియమించెను. వైద్యునకు, లెక్కలు వ్రాయు కరణమునకు, కమ్మరి కుమ్మరులకు భూమి యేర్పఱచెను.

దానమునకు గల పెద్ద భయము తరువాతి రాజు. అతనిని కట్టివేయు న్యాయస్థానము లేదు. అందుచేతనే మన శాసనముల తుదిని, దానభూమి నపహరించినవాడు అరువదివేల యేండ్లు మలమున పురుగై పుట్టునను శాపము కనిపించును. ఆంగ్లరాజుల దానపత్రములలోను అపహర్తకు నరకము తప్పదను శాపములు కలవు. చట్టము చేరలేని చోట శాపము కావలికాసినది. మందడ మట్లు గాక, కూతురి ధర్మబుద్ధివలన నిలిచినది.

మన యూళ్ల గుడులలో శాసనపు ఱాళ్లు నేటికిని కలవు. వానిని చూచినపుడు ఇచ్చిన దెవరు, పుచ్చుకొన్న దెవరు అని యడుగుటతో తృప్తిపడకుడు. ఏ కాపు పంటలోనుండి ఇచ్చిరి, ఆ పంట తిరిగి ఎవరి యాకలి తీర్చినది అని కూడ అడుగుడు. రాజు, సామంతుడు, ఆచార్యుడు తమ పేళ్లను తరతరములకు నిలుపుకొనిరి. వేలకొలది కాపులు కుటుంబులను ఒక్క మాటలో ఇమిడిపోయిరి. పుచ్చుకొన్న గ్రామములో ఆకలిగొన్నవానికి అన్నము, ప్రసవించు స్త్రీకి నీడ చూపిన ఆచార్యుడు ఆ కాపుల ఋణమును కొంతయైనను తీర్చినాడని నా తలంపు.